కాకి లావెక్కింది: ఈ స్టాండుతో నా 15 రోజులు

నమస్కారం. ముందే చెప్పేస్తున్నాను, పై నుంచి ఫొటోలు తీయడానికి ఫోనును బల్ల మీదుగా పట్టుకునే ఈ స్టాండును కంపెనీవాళ్ళు ఉచితంగా పంపారు. డబ్బు ఇవ్వలేదు, వీడియోను ముందుగా చూపించమనీ అడగలేదు. బరువు, పొడవు, ధర మీరు ఈపాటికే చూసి ఉంటారు. వాటి జోలికి వెళ్ళను. నా గొడవంతా ఫోనును పట్టుకునే దీని చేయి గురించే.

నేను పాత పంచాంగాలు, శుభలేఖలు కత్తిరించి, ఆ ముక్కలతో కాకి లాంటి బొమ్మలు చేసి బల్ల మీద పరిచి, వెంట్రుకవాసి జరుపుతూ ఒక్కో ఫొటో తీస్తాను. తెర మీద ఒక్క సెకను కదలికకు 12 ఫొటోలు. ఫ్యాను వేస్తే కాకి రెక్క ఎగిరి మంచం కిందికి పోతుంది, అందుకని మే నెలలోనూ ఫ్యాను ఆపాల్సిందే. చెమట చుక్క పడిందా, శుభలేఖ ఎరుపు పక్క ముక్కకు పాకుతుంది. ఇన్ని పాట్లు పడేవాణ్ణి, స్టాండును కోరేది ఒక్కటే: కదలకుండా ఉండమని.

ఇది కదులుతుంది. కంటికి తెలియదు. మర బిగించాను, వేలు ఎర్రబడేదాకా మళ్ళీ బిగించాను. 10 సెకన్ల కాకి నడకకు 120 ఫొటోలు తీసి ఆడిస్తే, 80వ ఫొటో దగ్గరికి వచ్చేసరికి కాకి లావెక్కింది! అది మేసిందేమీ లేదు, పైనున్న ఫోను జారింది.

దీనికి ముందు నాకున్నది అమ్మ పక్కన పడేసిన స్టీలు గిన్నెల స్టాండు. పై అరలో ఫోను బోర్లా పెట్టేవాణ్ణి. చూడటానికి వికారం, అయినా నాలుగు కాళ్ళు. నాలుగేళ్ళలో ఒక్కసారి జారలేదు.

జర్మనీలో లోటె రైనిగర్ అనే ఆవిడ 1926లోనే నీడబొమ్మలతో నిడివైన చిత్రం తీశారు. నల్ల అట్ట, పల్చటి సీసపు రేకు కత్తిరించి, కీళ్ళను తీగతో కట్టి, కింద దీపం వెలిగే గాజు మీద పరిచి, పై నుంచి తీశారు. మన నిమ్మలకుంట తోలుబొమ్మలకూ మోచేతి దగ్గర అలాంటి కట్టే ఉంటుంది. నా కాకి మెడకూ అదే తీగ. అదిగో, కెమెరా దగ్గరికి తెస్తున్నాను, ఆ చిన్న ముడి చూడండి.

సరే, స్టాండు. దీంతో వచ్చిన మీట మాత్రం బంగారం. ఫోనును తాకకుండా ఫొటో తీయవచ్చు, అది నా దగ్గరే ఉంచుకుంటాను. దీపం ఫరవాలేదు. చేయి జారకుండా వెనక కొసకు కిలో కందిపప్పు ప్యాకెట్ వేలాడదీశాను. అప్పటి నుంచి బుద్ధిగా ఉంది. స్టాండు కొన్నవాడు పప్పు కూడా కొనాలా?

వంట వీడియోలు తీసేవాళ్ళు కొనుక్కోండి, మీకు ఈ జారుడు తెలియనే తెలియదు. బొమ్మలు జరిపేవాళ్ళు వద్దు.

ఇప్పుడు ఆ 120 ఫొటోలూ ఆడిస్తున్నాను. పప్పు కట్టక ముందువి. కాకి ముక్కు మీదే కన్ను వేసి ఉంచండి.