మత్తడి యాళి ఏం తిని బతుకుతుంది?

(హనుమకొండ స్టూడియోలో జరిగిన చర్చ పాఠం)

సమన్వయకర్త: నమస్కారం. ఈరోజు చర్చ లోకంలో ఎక్కడా లేని ఒక జంతువు గురించి. మన వరంగల్ రచయిత్రి రాస్తున్న ఫాంటసీ నవలలో పాకాల లాంటి అడవి, చెరువు ఉన్నాయి. అందులో తిరిగేది మత్తడి యాళి. మత్తడి అంటే చెరువు నిండాక నీళ్లు పొర్లిపోయే అలుగు, యాళి అంటే గుళ్ల మీద చెక్కే వింత మృగం. రచయిత్రి గారితో పాటు జంతుశాస్త్రం లెక్చరర్ గారు, కాకతీయ శిల్పం మీద పరిశోధన చేసిన మేడమ్ వచ్చారు. ముందు అది ఎట్లా ఉంటుందో చెప్పండి.

రచయిత్రి: ఒళ్లు సింహానిది, మూతి దగ్గర ఏనుగు తొండం. రామప్ప గుడి చూరు కింద మదనికలతో, అంటే నాట్యం చేసే ఆడవాళ్ల శిల్పాలతో పాటు గజవ్యాళాలు ఉంటాయి కదా, అక్కడే నా మనసులో పడింది. చర్మం మాత్రం ఆ గుడి శిఖరం ఇటుకల్లాగా సన్న రంధ్రాలతో ఉంటుంది. అందుకే అంత పెద్ద జంతువు కూడా నీళ్ల మీద తేలుతుంది. వానాకాలం ఒంట్లో నీళ్లు పట్టుకుంటుంది, ఎండాకాలం అది పడుకున్నచోట ఊట పుడుతుంది.

పరిశోధకురాలు: ఆ ఇటుకలు నిజంగానే తేలుతాయి. 1213లో రేచర్ల రుద్రుడు కట్టించిన గుడి అది, 2021లో యునెస్కో గుర్తింపు వచ్చింది. అందరూ శిల్పం దగ్గరే ఆగిపోతారు గానీ, పక్కనే ఉన్న రామప్ప చెరువు కూడా కాకతీయుల నాటిదే. గుడి మీది మృగం చెరువులోకి దిగడం నాకు చాలా సహజంగా అనిపించింది.

లెక్చరర్: నాకు రూపంతో పేచీ లేదండీ, తిండి దగ్గరే ఉంది. మీరు పంపిన మొదటి అధ్యాయంలో అది కణుజులను, అంటే పెద్ద జింకలను వేటాడుతుంది. ఒక పెద్దపులికే ఏడాదికి దాదాపు 50 పెద్ద జంతువులు కావాలి. గడ్డిలో ఉన్న శక్తిలో పదో వంతు మాత్రమే జింకకు చేరుతుంది, అందులో మళ్లీ పదో వంతు పులికి. పులికి పదింతలున్న మీ యాళి మాంసం మీద బతికితే, ఆ అడవి రెండేళ్లలో ఖాళీ అవుతుంది.

రచయిత్రి: మాయ జంతువు కదా సార్, ఆకలి లేదని రాయొచ్చు.

లెక్చరర్: రాయొచ్చు. అప్పుడది అడవిలో ఉన్నట్టు కాదు, అడవి ముందు నిలబెట్టిన బొమ్మ. ఎవరి మీదా ఆధారపడని జీవికి ఏం జరిగినా పాఠకుడికి టెన్షన్ ఉండదు.

సమన్వయకర్త: మరి ఏం తినిపిద్దాం?

లెక్చరర్: ఒండ్రు. వానపాము మట్టి తిని అందులో కుళ్లిన ఆకు అలములను అరిగించుకుంటుంది. మన చెరువుల్లో మ్రిగాల చేప అడుగునే మేస్తుంది. యాళి కూడా చెరువు అడుగున తొండంతో ఒండ్రు పీల్చుకుని బతకాలి. అట్లా బతికితే పూడిక తగ్గుతుంది, చెరువులో నీళ్లు ఎక్కువ నిలుస్తాయి. దాని మాయకు కూడా ఒక కారణం దొరుకుతుంది.

రచయిత్రి: ఇది నాకు తట్టలేదు. చాలా బాగుంది సార్.

సమన్వయకర్త: నర్సంపేట వైపు నుంచి ఒక రైతు ఫోన్‌లో ఉన్నారు. చెప్పండి అన్నా.

శ్రోత: నమస్తే సార్. ఎండాకాలం చెరువు ఎండితే ఆ ఒండ్రు మేం ట్రాక్టర్లతో పొలానికి తోలుకుంటం. ఆ మట్టి వేసిన మడికి యూరియా తక్కువ పడుతది. మీ జంతువు అదంతా తినేస్తే మా సంగతేంది?

రచయిత్రి: (కొంతసేపు ఆగి) అన్నా, మీరు అడిగిందే నా కథకు అసలు గొడవ అవుతుంది. ఇంతవరకు ఊరివాళ్లు యాళిని మొక్కుతారని మాత్రమే రాశాను.

లెక్చరర్: మొక్కడంతో పాటు పోటీ కూడా ఉండాలి. ఏనుగు తిన్నదాంట్లో సగం కూడా అరగదు. ఆ పేడలో గింజలు మొలుస్తాయి, పురుగులు బతుకుతాయి. యాళి కూడా రాత్రి మేసి తెల్లారేసరికి కట్ట దిగువన పేడ వేస్తే, తిన్న ఒండ్రులో చాలా భాగం పొలానికే చేరుతుంది. ఎవరి మడి పక్కన వేస్తుందన్నది మాత్రం రైతు చేతిలో ఉండదు.

శ్రోత: అట్లయితే మా ఊర్లో కొట్లాటలే సార్. దాన్ని తమ పొలం దిక్కు మళ్లించుకోవాలని ప్రతి ఒక్కరూ చూస్తరు.

రచయిత్రి: రాసుకుంటున్నానన్నా. తూము దగ్గర రాత్రంతా కాపలా కాసే మనుషులు, కందిళ్లు, అడుసులో దాని అడుగులు... ఈ అధ్యాయం మీదే.

పరిశోధకురాలు: ఇంకో విషయం. మన దగ్గర చెరువు ఒంటరిగా ఉండదు. గొలుసుకట్టు. పై చెరువు నిండి మత్తడి దుంకితే కింది చెరువు నిండుతుంది. ఒక్క యాళి ఉంటే అది జాతి కాదు కదా, పిల్లలు ఎక్కడికి పోతాయి?

రచయిత్రి: తొలి వరదకు చేపలు ఎదురెక్కినట్టు పిల్లలు మత్తడి ఎక్కి పై చెరువుకు పోతాయి. పుట్టిన చెరువులో తల్లి ఉన్నంతకాలం రెండో యాళికి మేత చాలదు.

పరిశోధకురాలు: అయితే మధ్యలో ఒక్క చెరువు పూడ్చి ప్లాట్లు చేసినా ఆ జాతి తెగిపోతుంది. 2020 ఆగస్టులో, 2023 జులైలో వరంగల్ కాలనీలు మునగడం మనం కళ్లారా చూశాం. నీళ్లు తమ దారి మర్చిపోవు. మీ నవలలో దారి మూసుకుపోయిన పిల్ల యాళి ఏం చేస్తుందో నాకు చదవాలని ఉంది.

రచయిత్రి: ఇళ్ల మధ్యకు వస్తుంది మేడమ్. దానికి వేరే దారి లేదు. ఒంటి నిండా నీళ్లతో గల్లీలో ఇరుక్కుంటుంది.

లెక్చరర్: అక్కడ మాత్రం మాయతో దాన్ని కాపాడకండి. నా విన్నపం.

రచయిత్రి: కాపాడను సార్. ఊరివాళ్లు గండి కొట్టి దారి ఇస్తారా, లేదా అన్నదే రాస్తాను. ఇచ్చేవాళ్లు కొందరు, ఇల్లు పోతుందని అడ్డుపడేవాళ్లు కొందరు. అడ్డుపడేవాళ్లను దుర్మార్గులుగా చూపించను.

సమన్వయకర్త: సమయం అయిపోయింది. ఫోన్‌లో ఉన్న అన్నకు, ముగ్గురు అతిథులకు ధన్యవాదాలు.