ఎదురుగా అమ్మమ్మ ఉంది, గేమ్‌లో స్విచ్ ఆఫ్‌లో ఉంది

(స్టూడియో చర్చకు అక్షర రూపం. పాల్గొన్నవారు: యాంకర్, హైదరాబాద్‌లో పనిచేసే గేమ్ టెస్టర్, రాజమండ్రిలో తెలుగు చెప్పే హైస్కూల్ టీచర్, అమెరికాలో టెక్సస్ రాష్ట్రంలోని ఫ్రిస్కో నుంచి వీడియోలో ఇద్దరు పిల్లల తండ్రి.)

యాంకర్: నమస్కారం. సంక్రాంతి సెలవులు వస్తున్నాయి, ఇల్లంతా చుట్టాలే. పిల్లలు టీవీకి ఏదో పార్టీ గేమ్ తగిలిస్తారు. పెద్దవాళ్లు కూడా కుర్చీలు లాక్కుని చేరతారు. కాసేపటికి తెర మీద ఒక మాట పడుతుంది, ఒకరి మొహం ఒకరు చూడరు. ముందే చూసుకోవడం ఎలా అన్నదే ఇవాళ్టి చర్చ. ఫ్రిస్కోలో సార్‌కి ఈ అనుభవం అయింది కాబట్టి అక్కడి నుంచే మొదలుపెడదాం.

తండ్రి: నమస్కారమండీ. మొన్న నవంబర్‌లో లాంగ్ వీకెండ్, మూడు కుటుంబాలు మా ఇంట్లోనే. ఏ గేమో పేరెందుకు లెండి. ఖాళీ పూరించే ప్రశ్న ఒకటి వచ్చింది. పడగ్గదికి సంబంధించింది. మేమంతా మా అత్తగారికి అర్థం కాదులే అనుకుని గబగబా దాటించేద్దామని చూశాం. ఆవిడ బ్యాంకులో ముప్పై ఏళ్లు చేసి రిటైరయ్యారు. కళ్లజోడు సర్దుకుని ప్రశ్న మొత్తం పైకి చదివి, "టీ ఎవరెవరికి కావాలి?" అంటూ లేచి వంటింట్లోకి వెళ్లిపోయారు. ఆ రాత్రి ఇక ఆట సాగలేదు.

టెస్టర్: స్విచ్ ఆఫ్‌లో ఉండి ఉంటదన్నా. ఈ రకం గేమ్‌లలో బాగా తెలిసినవి జాక్‌బాక్స్ పార్టీ ప్యాక్‌లు, షికాగో కంపెనీవి. మొదటి ప్యాక్ 2014లో వచ్చింది. ఆట టీవీ మీద నడుస్తుంది. ఆడేవాళ్లు ఫోన్ బ్రౌజర్‌లో నాలుగు అక్షరాల రూమ్ కోడ్ కొట్టి చేరతారు. వాటిలో చాలా ఆటల సెట్టింగ్స్‌లో ఫ్యామిలీ ఫ్రెండ్లీ అని ఒక స్విచ్ ఉంటుంది. మనం వెళ్లి వెతికి ఆన్ చేసుకోవాలి. అన్నిటిలో ఒకేచోట ఉండదు. ఒక ఆటలో పెట్టాం కదా, పక్క ఆటకీ వర్తించి ఉంటుందిలే అనుకోవద్దు.

యాంకర్: ఆన్ చేస్తే ఇక టెన్షన్ లేదంటారా?

టెస్టర్: సగం టెన్షన్ పోతుంది. ఆ స్విచ్ గేమ్ రాసిన ప్రశ్నల్ని వడగడుతుంది. క్విప్‌లాష్ ఆటే చూడండి. ప్రశ్న గేమ్‌ది, జవాబు మీ పెద్దమ్మగారి అబ్బాయిది. వాడు ఏం టైప్ చేస్తాడో షికాగోలో కూర్చున్నవాళ్లకి ఎలా తెలుస్తుంది? ఫిబేజ్‌లోనూ అంతే, అబద్ధాలు మనమే రాయాలి. టీకేవో అని టీషర్ట్‌ల ఆట ఉంది. అందులో బొమ్మలు మనవే, నినాదాలూ మనవే.

టీచర్: అంటే బాబూ, గేమ్ మంచిదేనా అని కాదు, ఇందులో మాటలు ఎవరు రాస్తారు అని అడగాలి.

టెస్టర్: సరిగ్గా అదే మేడమ్. నేను టెస్ట్ చేసేటప్పుడు మొదట చూసేదదే. గేమే రాసిందా, గదిలోవాళ్లు రాస్తున్నారా, ఊరూ పేరూ తెలియనివాడు ఆన్‌లైన్‌లో రాస్తున్నాడా? మూడోది ఉంటే పిల్లలున్న గదిలో నేనైతే పెట్టను.

యాంకర్: మరి డబ్బా మీద రేటింగ్ ఉంటుంది కదా?

టెస్టర్: ఉంటుంది. అమెరికాలో ఈఎస్‌ఆర్‌బీ అనే బోర్డు 1994 నుంచి ఇస్తోంది. 'ఈ' అంటే అందరికీ, 'టీ' అంటే పదమూడేళ్లు దాటినవాళ్లకి, 'ఎం' అంటే పదిహేడు దాటినవాళ్లకి. యూరప్‌లో పెగీ అని ఉంది, అక్కడ బూతు మాటలుంటే విడిగా ఒక గుర్తు వేస్తారు. చాలామంది ఆ పెద్ద అక్షరం చూసి ఆగిపోతారు. పక్కన చిన్న అక్షరాల్లో లాంగ్వేజ్ (బూతు మాటలు), క్రూడ్ హ్యూమర్ (మోటు జోకులు), సజెస్టివ్ థీమ్స్ (శృంగార సూచనలు) అని రాసి ఉంటుంది. అసలు విషయం అక్కడుంటుంది. డబ్బాలో అమ్మే చాలా గేమ్‌లకైతే ఈఎస్‌ఆర్‌బీ సైట్‌లో రేటింగ్ సమ్మరీ కూడా ఉంటుంది. ఏ రకం మాటలు వినిపిస్తాయో ఉదాహరణలతో రాస్తారు. రెండు నిమిషాల్లో చదవొచ్చు.

తండ్రి: ఒక మాట చెప్పాలి. "ఆన్‌లైన్ మాటలకి మా రేటింగ్ వర్తించదు" అని ఈఎస్‌ఆర్‌బీ వాళ్లే రాస్తారు. నేను అది చాలా ఆలస్యంగా గమనించాను.

టెస్టర్: అవునన్నా. మన దగ్గర ప్లే స్టోర్‌లో 3+, 7+, 12+ అని కనిపించేవి వేరు. అవి ఐఏఆర్‌సీ అనే అంతర్జాతీయ రేటింగ్ పద్ధతిలో వస్తాయి. గేమ్ చేసినవాళ్లు ఒక ప్రశ్నావళి నింపుతారు, దాన్నిబట్టి వయసు వస్తుంది. అందులో చాట్ ఉందా అని అడుగుతారు గానీ, చాట్‌లో ఎవరేం తిడతారో ఏ ప్రశ్నావళీ పట్టుకోలేదు.

టీచర్: పేరు చూసైనా కొంత తెలుస్తుందేమో కదా.

టెస్టర్: ఒక్కోసారి తెలుస్తుంది. జాక్‌బాక్స్ వాళ్లే 2024లో నాటీ ప్యాక్ అని ఒకటి తెచ్చారు, అది 'ఎం' రేటింగ్. పేరులోనే చెప్పేశారు పాపం. చిక్కంతా 'టీ' ఉన్నవాటితోనే. పదమూడేళ్ల పిల్లాడికి నవ్వొచ్చేది, ఏడేళ్ల చెల్లెలు "అన్నయ్యా, అంటే ఏంటి?" అని అడిగేది, ఒకే మాట.

యాంకర్: చిన్నపిల్లలకని చెప్పేవాటిలో ఈ గొడవ ఉండదుగా?

టెస్టర్: ఓవర్‌కుక్డ్ అని వంట ఆట ఉంది, 2016లో వచ్చింది. పెగీ మూడేళ్లవాళ్లకి సరే అంది. అందులో వంటవాడు తిట్టుకోవడానికే ఒక బటన్ ఉంది. నొక్కితే నెత్తిమీద బుడగలో హ్యాష్, నక్షత్రం లాంటి గుర్తులు వస్తాయి. మాట ఒక్కటి కూడా ఉండదు. మా అక్క కొడుకు ఐదేళ్లవాడు అది నొక్కీ నొక్కీ, "మామా, వీడు ఏమంటుండు?" అని అడిగాడు. "ఉప్పెక్కువైందంట" అని చెప్పాను.

(నవ్వులు)

తండ్రి: నిజానికి ఆ ఆటలో బూతులు మన నోట్లోంచే వస్తాయండీ. ఒకడు ప్లేట్లు కడగడు, ఇంకొకడు గిన్నె మాడబెడతాడు. మా ఆవిడా నేనూ ఆ గేమ్ మానేసింది అందుకే.

టీచర్: నాకో సందేహం. చెడ్డ మాటల్ని గేమే పట్టుకుని నక్షత్రాలు వేస్తుంది కదా? అది పనిచేస్తే ఇంత చర్చ అక్కర్లేదు.

టెస్టర్: ఇంగ్లిష్ మాటలకే అంతంతమాత్రం మేడమ్. 1996లో ఏఓఎల్ అనే ఇంటర్నెట్ కంపెనీ ఫిల్టర్ ఇంగ్లండ్‌లో స్కన్‌థార్ప్ అనే ఊరివాళ్లని ఖాతా తెరవనివ్వలేదు. ఊరి పేరు స్పెల్లింగ్ మధ్యలో ఒక బూతు మాట ఉంది మరి. అది మనకీ తగులుతుంది. హర్షిత అనే పేరు ఇంగ్లిష్ అక్షరాల్లో రాసి చూడండి. దీక్షితులు రాయండి. మధ్యలో ఇంకో నాలుగక్షరాల ఇంగ్లిష్ బూతు మాట కనబడుతుంది. "అస్సలు కాదు" అని టైప్ చేస్తే మొదటి మూడక్షరాలకే అనుమానం. మా చుట్టాలమ్మాయి పుట్టినరోజుకి ఒక గేమ్‌లో దాని పేరు కొడితే మధ్యలో నాలుగు నక్షత్రాలు వచ్చాయి. కేకు మీద పేరు సరిగ్గా ఉంది, టీవీ మీద లేదు. ఏడ్చేసింది.

టీచర్: అయ్యో! మరి మన తెలుగు బూతులు?

టెస్టర్: ఇంగ్లిష్ అక్షరాల్లో కొడితే రాజమార్గంలో వెళ్లిపోతాయి.

(నవ్వులు)

తండ్రి: ఇక్కడ పుట్టిన పిల్లలు తెలుగులో ముందు నేర్చుకునేవి కూడా అవే. ఎవరు నేర్పుతారో తెలీదు.

టీచర్: తెలీకేం, మనమే. బూతు అంటే ఏది అన్నదానికీ లెక్కలేదు. మా గోదావరి వైపు "ఒరేయ్ వెధవాయ్" అని ముద్దుగా పిలుస్తారు. ఆ మాట విధవ నుంచి వచ్చిందని నేను క్లాసులో చెబుతాను. చెప్పడం మొదలుపెట్టాక నా నోటికి అది రావడం మానేసింది.

టెస్టర్: మా వరంగల్‌లో నాయనమ్మ "సచ్చినోడా, అన్నం తినుపో" అంటే ఇంకో ముద్ద ఎక్కువ పెడుతుందని అర్థం. అది గేమ్ తెర మీద పడితే కొత్తల్లుడు ఏమనుకుంటాడో.

టీచర్: అసలు మనం మరీ అమాయకంగా మాట్లాడుతున్నాం. అంత్యాక్షరి ఆడతాం కదా. 'మ' వచ్చిందంటే ఎన్ని ఐటమ్ పాటలు అందుకుంటారు! ఎనిమిదేళ్ల పిల్ల ద్వంద్వార్థం పాట పాడితే ఇల్లంతా చప్పట్లు కొడుతుంది. ఇంగ్లిష్ మాట తెర మీద కనబడితే మాత్రం రిమోట్ కోసం వెతుకుతాం.

యాంకర్: (నవ్వుతూ) ఆ చర్చ మొదలుపెడితే ఇంకో ఎపిసోడ్ కావాలి మేడమ్. సార్, మీరు ఆ తర్వాత ఏం ఆడుతున్నారు?

తండ్రి: స్క్రిబుల్ అని బొమ్మలేసి మాట కనిపెట్టే ఆట, బ్రౌజర్‌లో. ప్రైవేట్ రూమ్ పెట్టి, మాటల జాబితా మేమే ఇస్తాం, మా జాబితా మాత్రమే వాడు అని టిక్ పెడతాం. పులిహోర, గంగిరెద్దు, ఆవకాయ జాడీ, హరిదాసు. గంగిరెద్దు బొమ్మ వేయమంటే మా వాడు టెక్సస్ ఎద్దు కొమ్ములు పెట్టి వేశాడు, మా అత్తగారు తప్ప ఎవరూ కనిపెట్టలేదు. ఆవిడే గెలిచారు.

టీచర్: అదీ! ఆవిడ మళ్లీ వచ్చి కూర్చున్నారన్నమాట.

యాంకర్: మరి జాక్‌బాక్స్ లాంటివి ఆడాలనుకునేవాళ్లకి?

టెస్టర్: ముందు రోజు రాత్రి ఇద్దరు పెద్దవాళ్లు కూర్చుని ఒక రౌండ్ ఆడండి, ఆట మొదలవ్వడానికి కావాల్సినంత మంది లేకపోతే రెండు మూడు ఫోన్లలో మీరే చేరండి. యూట్యూబ్ వీడియో చూసి నిర్ణయించుకోవద్దు, ఆడేవాళ్ల నోరు గేమ్ నోరులా వినిపిస్తుంది. కొత్త ప్యాక్‌లలో మోడరేషన్ అని ఒకటి ఉంది. ఒకరు వేరే ఫోన్ పట్టుకుని కూర్చుంటారు. పిల్లలు రాసిన ప్రతి జవాబూ ముందు ఆ ఫోన్‌కి వస్తుంది. సరే అని నొక్కితేనే టీవీ మీదకి వెళ్తుంది.

టీచర్: బాగుంది. ఆ ఫోన్ మా అత్తగారి చేతికిస్తాను.

టెస్టర్: వద్దు మేడమ్, ఆవిడ ఏదీ ఓకే చేయరు. ఆట రాత్రి పన్నెండైనా రెండో ప్రశ్నకి వెళ్లదు.

తండ్రి: మా అత్తగారికి ఇవ్వండి. అందరివీ చదువుకుని, ఒక్కరే నవ్వుకుని, అన్నీ ఓకే చేసేస్తారు.