పదహారు పాయింట్ల బాకీ

అందరికీ నమస్కారం. శనివారం సాయంత్రం, అదీ ఈ డబ్లిన్ వానలో, పిల్లలను వెంటబెట్టుకుని ఇంతమంది వస్తారని నేను అనుకోలేదు. క్రికెట్ గురించి మాట్లాడతానని ఎవరైనా చెప్పి తీసుకొచ్చి ఉంటే మాత్రం ముందే క్షమించండి.

మీలో కొందరి ఇళ్లలో శనివారం పొద్దున జరిగేదే మా ఇంట్లోనూ జరుగుతుంది. బూట్లు దొరకవు, దొరికితే మౌత్‌గార్డ్ దొరకదు. చివరికి అమ్మాయిని గేలిక్ ఫుట్‌బాల్, అంటే ఐర్లండ్ సొంత ఆట, మైదానంలో దింపి, కారులో హీటర్ వేసుకుని కూర్చుంటాను. రెండేళ్లు అలా అద్దంలోంచే చూశాను. ఒక రోజు కోచ్ వచ్చి అద్దం తట్టి, 'కాస్త దిగి ఆ కోన్లు పేర్చి పెడతారా' అని అడిగాడు. అప్పటి నుంచి ఈ ఆటలో ఇరుక్కుపోయాను.

ఆట తెలియని వారికి రెండు ముక్కల్లో చెబుతాను. ఒక్కో జట్టుకు పదిహేను మంది. బంతిని చేత్తో పట్టుకోవచ్చు, కానీ నాలుగు అడుగులు దాటి మోయకూడదు. నేలకు కొట్టి పట్టుకోవాలి, లేదా సొంత కాలి మీదకు వదిలి మళ్లీ చేతిలోకి తన్నుకోవాలి. గోల్ స్తంభాలు ఇంగ్లీషు హెచ్ అక్షరంలా ఉంటాయి. అడ్డకర్ర కింద వలలోకి వెళితే గోల్, దానికి మూడు పాయింట్లు. పైనుంచి వెళితే ఒక పాయింటు. ఈ మధ్య 2025లో దూరం నుంచి కొడితే రెండు అని కొత్త నియమం వచ్చింది కానీ, నేను చెప్పే కథ దానికి ముందుది. స్కోరును 'నాలుగు-నాలుగు' అన్నట్టు చెబుతారు. అంటే నాలుగు గోల్స్, నాలుగు పాయింట్లు, మొత్తం పదహారు. ఈ పదహారును గుర్తుపెట్టుకోండి.

2017 సెప్టెంబరు 17. డబ్లిన్‌లోని క్రోక్ పార్క్ స్టేడియం. అఖిల ఐర్లండ్ మైనర్ ఫైనల్, అంటే పద్దెనిమిదేళ్ల లోపు కుర్రాళ్లది. కెర్రీ, డెర్రీ కౌంటీల జట్లు తలపడ్డాయి. కౌంటీ అంటే మన జిల్లా లాంటిది. కెర్రీ కెప్టెన్ డేవిడ్ క్లిఫర్డ్, ఎడమ కాలి ఆటగాడు, ఫార్వర్డ్. ఆ రోజు అతను ఒక్కడే చేసిన స్కోరు నాలుగు-నాలుగు. డెర్రీ జట్టు మొత్తం కలిసి చేసింది ఒకటి-ఎనిమిది, అంటే పదకొండు. మిగిలిన కెర్రీ వాళ్లు ఒక్క పాయింటు చేయకపోయినా కెర్రీ గెలిచేది. నిజానికి వాళ్లు కూడా ఊరుకోలేదు. స్కోరు ఆరు-పదిహేడు దగ్గర ఆగింది. పద్దెనిమిదేళ్ల లోపు వారికి జరిగిన చివరి మైనర్ ఫైనల్ కూడా అదే. మరుసటి ఏడాది నుంచి ఆ వయసును పదిహేడుకు దించారు.

పువ్వు పుట్టగానే పరిమళిస్తుందని మనవాళ్లు అంటారు. ఆ సామెత అక్కడితో ఆగిపోతుంది. పరిమళం ఊరంతా పాకాక ఆ పువ్వు మీద ఎంత భారం పడుతుందో చెప్పదు. నన్ను అడిగితే ఆ పదహారు పాయింట్లు ఆ కుర్రాడి పేరు మీద రాసుకున్న బాకీ. కెర్రీ దాన్ని ఐదేళ్ల పాటు వసూలు చేస్తూనే ఉంది.

కెర్రీ గురించి కొంచెం చెప్పాలి. ఈ ఆటలో వాళ్లన్ని సార్లు సీనియర్ ఛాంపియన్‌షిప్ గెలిచిన కౌంటీ మరొకటి లేదు. అందుకే అక్కడ రెండో స్థానాన్ని ఎవరూ మెచ్చుకోరు. 2014లో గెలిచాక అప్పటికి మళ్లీ కప్పు రాలేదు, పైగా 2015 నుంచి డబ్లిన్ ఏటా ఎత్తుకుపోతూ ఉంది. మనం ఉండేది డబ్లిన్‌లో కాబట్టి ఇది చెప్పడానికి నాకు కొంచెం ఇబ్బందే. ఇలాంటప్పుడు ఒక కుర్రాడు ఒంటిచేత్తో ఫైనల్ గెలిపిస్తే జనం ఏమనుకుంటారో మీకు చెప్పనవసరం లేదు.

కుర్రాడి ఊరు ఫోసా. కిల్లార్నీ చూడటానికి వెళ్లి, రింగ్ ఆఫ్ కెర్రీ వైపు కారు తిప్పిన వాళ్లందరూ ఆ ఊరి మీదుగానే వెళ్లి ఉంటారు. పట్టణం దాటగానే సరస్సు పక్కన వస్తుంది. గేలిక్ క్రీడల్లో క్లబ్బు అంటే దాదాపుగా పారిష్, చర్చి చుట్టూ ఉన్న నాలుగైదు పల్లెలు. ఏ పారిష్‌లో పెరిగితే సాధారణంగా ఆ క్లబ్బుకే ఆడతారు. మంచి జట్టు కావాలని పక్క ఊరికి వెళ్లిపోవడం సులభం కాదు, గౌరవమూ కాదు. సంక్రాంతికి మన ఊళ్లలో కబడ్డీ పోటీలకు అద్దె ఆటగాళ్లను దింపే పెద్దమనుషులకు ఈ మాట వినిపించాలని నాకు ఎప్పటి నుంచో ఉంది. ఫోసా చిన్నది కాబట్టి కౌంటీ సీనియర్ పోటీకి ఒంటరిగా దిగలేదు. అలాంటి చిన్న క్లబ్బులన్నీ కలిసి ఈస్ట్ కెర్రీ పేరుతో ఆడతాయి. క్లిఫర్డ్‌తో పాటు అన్న పాడీ కూడా ఆడే ఆ జట్టు 2019లో కౌంటీ కప్పు గెలిచింది.

బడి కిల్లార్నీలోని సెయింట్ బ్రెండన్స్. 2016లో ఆ బడి జట్టు హోగన్ కప్ గెలిచింది. దేశంలోని బడులన్నింటిలో మేటికి ఇచ్చేది అది. అదే ఏడాది కెర్రీ మైనర్ కప్పు, మరుసటి ఏడాది ఆ పదహారు. ఇంతలో ఆస్ట్రేలియా నుంచి పిలుపులు వస్తున్నాయని పత్రికలు రాయడం మొదలుపెట్టాయి.

ఇక్కడ కాస్త ఆగుతాను. గేలిక్ ఫుట్‌బాల్ ఆడేవారికి జీతం లేదు. ఈ సంగతి తెలిసిన రోజు నేను నమ్మలేదు. 'ఎనభై రెండు వేల మంది టికెట్టు కొని చూస్తారు, ఆడేవాడికి ఎంత ఇస్తారు' అని ఆఫీసులో ఒక సహోద్యోగిని అడిగాను. 'ప్రయాణ ఖర్చులు' అన్నాడు. నవ్వుతాడేమోనని చూశాను, నవ్వలేదు. ఆస్ట్రేలియన్ ఫుట్‌బాల్‌లో అయితే ఇంచుమించు ఇదే నేర్పుకు జీతం ఇస్తారు. కెర్రీ కుర్రాళ్లు వెళ్లనూ వెళ్లారు. టైగ్ కెనెలీ సిడ్నీ జట్టుతో 2005లో అక్కడి కప్పు గెలిచాడు; ఇంటికి వచ్చి 2009లో కెర్రీతో ఇక్కడి కప్పూ గెలిచాడు. డింగిల్ కుర్రాడు మార్క్ ఓకానర్ మైనర్ కప్పు గెలిచాక ఆస్ట్రేలియాలోని గీలాంగ్ క్లబ్బుకు వెళ్లి, 2022లో అక్కడ విజేత అయ్యాడు. వెళ్లినవాళ్లను నేను తప్పు పట్టను. పొట్టకూటికి సముద్రాలు దాటిన మనకు ఆ హక్కు ఎక్కడిది? క్లిఫర్డ్ మాత్రం వెళ్లలేదు. ఉపాధ్యాయుడిగా చదువుకుని, తాను చదివిన బడిలోనే పాఠాలు చెబుతున్నాడు.

2018 జనవరిలో, పందొమ్మిది నిండిన వారానికే, కిల్లార్నీలో డొనెగాల్ మీద లీగ్ మ్యాచ్‌తో సీనియర్ జట్టులోకి వచ్చాడు. ఆ వేసవిలో మన్‌స్టర్ ఫైనల్‌లో, అంటే దక్షిణాది కౌంటీల పోటీలో, కార్క్‌ను కెర్రీ చిత్తుగా ఓడించింది. తర్వాత క్లోనిస్‌లో మొనహన్‌తో మ్యాచ్. ఆట ముగిసే వేళ కెర్రీ వెనకబడి ఉంది. అదనపు నిమిషాల్లో బంతి ఇతని దగ్గర పడింది, వలలోకి కొట్టాడు, మ్యాచ్ సమం. ఆ వీడియో దొరికితే చూడండి. ఆ గుంపులో బంతి ఎక్కడ పడుతుందో అందరికంటే అర క్షణం ముందు అతనికే తెలిసినట్టు ఉంటుంది. అయినా కెర్రీ సెమీఫైనల్ చేరలేదు. అతనికి ఆ ఏటి ఉత్తమ యువ ఆటగాడి బహుమతి దక్కింది.

2019లో ఫైనల్. ఎదురుగా వరుసగా ఐదో కప్పు కోసం డబ్లిన్. పురుషుల సీనియర్ పోటీలో అంతవరకూ ఎవరూ ఐదు వరుసగా గెలవలేదు. 1982లో కెర్రీయే ఆ గడప దాకా వెళ్లి, చివరి నిమిషాల్లో ఆఫలీ కౌంటీ కొట్టిన గోల్‌తో బోర్లా పడింది. కాబట్టి ఈ ఇరవై ఏళ్ల కుర్రాడు తాను పుట్టకముందటి పుండుకు కూడా కాపలా కాయాలి. అతనికి కాపలా ఉన్న డబ్లిన్ ఆటగాడు మొదటి సగంలోనే మైదానం వీడాడు. ఇతన్ని ఆపే ప్రయత్నంలో రెండో పసుపు కార్డు వచ్చింది. ప్రత్యర్థులు ఒకరు తక్కువైనా మ్యాచ్ సమమే అయింది. రెండు వారాల తర్వాత మళ్లీ ఆడితే డబ్లిన్ గెలిచింది.

2020 నవంబరు. కరోనా కాలం, ఖాళీ మైదానం. మన్‌స్టర్ సెమీఫైనల్‌లో కార్క్ మీద అదనపు సమయం కూడా అయిపోవచ్చింది. చివరి క్షణంలో కార్క్ ఆటగాడు మార్క్ కీన్ గోల్ కొట్టాడు. కీన్ ఎవరంటే, కాలింగ్‌వుడ్ క్లబ్బుకు ఆడుతూ ఆ సీజన్ అయ్యాక ఇంటికి వచ్చిన ఆస్ట్రేలియా జీతగాడు. వెళ్లినవాడు వచ్చి, ఉండిపోయినవాడి ఏడాదిని ముగించాడు. 2021లో టిరోన్‌తో సెమీఫైనల్. క్లిఫర్డ్ ఎనిమిది పాయింట్లు చేశాడు. ఆ తర్వాత కాలు పట్టేసింది. అదనపు సమయమంతా బెంచీ మీద కూర్చుని, ఒక్క పాయింటు తేడాతో ఓడిపోవడం చూశాడు.

కిల్లార్నీలో మేము బస చేసిన ఇంటి పెద్దావిడ ఆ ఓటమి గురించి మాట్లాడుతూ, 'పాపం, మా అబ్బాయి' అంది. ఆమెకు అతనితో చుట్టరికం ఏమీ లేదు.

2022 జూలైలో గాల్వే మీద ఫైనల్. కెర్రీ సున్నా-ఇరవై, గాల్వే సున్నా-పదహారు. అవతల షేన్ వాల్ష్ ఒక్కడే తొమ్మిది పాయింట్లు కొట్టి దడ పుట్టించాడు. క్లిఫర్డ్ ఎనిమిది చేశాడు. మైనర్ ఫైనల్ స్కోరులో సరిగ్గా సగం, అయినా బాకీ ఆ రోజుతో తీరింది. ఆ ఏడాది ఉత్తమ ఆటగాడు అతనే.

ఆరు నెలల తర్వాత, 2023 జనవరిలో, అదే క్రోక్ పార్క్. ఈసారి ఫోసా జట్టు, అఖిల ఐర్లండ్ జూనియర్ క్లబ్ ఫైనల్. జూనియర్ అంటే పిల్లలు కాదు, చిన్న క్లబ్బుల స్థాయి. అవతల టిరోన్ కౌంటీ నుంచి స్టూవర్ట్స్‌టౌన్. ఫోసా గెలిచింది. అయితే ఆట ముగిసేలోగా క్లిఫర్డ్ అన్నదమ్ములు ఇద్దరికీ ఎర్ర కార్డులు పడ్డాయి. దేశంలోకెల్లా గొప్ప ఫార్వర్డ్, ఇంకా ఇరవై నాలుగు నిండలేదు, తమ పారిష్ కప్పు కోసం అంత వేడిలో ఆడి బయటికి నడిచాడు.

మా అమ్మాయికి ఇదంతా చెబితే శ్రద్ధగా విని ఒక్క ప్రశ్న వేసింది. 'కార్డు వస్తే కప్పుతో ఫోటో దిగనిస్తారా నాన్నా?' దిగనిస్తారనే చెప్పాను. ఇక మీ ప్రశ్నలు అడగండి.