పదిహేడో స్థానం మీద ఒక కన్ను

సభకు నమస్కారం. ఇది 2025 ఆగస్టు, కొత్త ఫుట్‌బాల్ సీజన్ గుమ్మంలో ఉన్నాం.

ఆగస్టు 15 శుక్రవారం రాత్రి ఆన్‌ఫీల్డ్‌లో లివర్‌పూల్, బోర్న్‌మత్ జట్ల పోరుతో ఇంగ్లండ్ ఫుట్‌బాల్‌లో అగ్రశ్రేణి పోటీ అయిన ప్రీమియర్ లీగ్ 2025–26 సీజన్ మొదలవుతుంది. ఆ రాత్రి అక్కడ ఆట కంటే ముందు కన్నీళ్లు ఉంటాయి. జులై 3న కారు ప్రమాదంలో తమ్ముడితో పాటు మరణించిన తమ ఆటగాడు డియోగో జోటా వేసుకున్న 20వ నంబరు జెర్సీని లివర్‌పూల్ ఇక ఎవరికీ ఇవ్వదు.

ఈ ప్రసంగానికి ఒప్పుకున్నప్పటి నుంచి అందరూ అడుగుతున్నది ఒకే ప్రశ్న. టైటిల్ ఎవరిది? లివర్‌పూల్ నిలబెట్టుకుంటుందా, మూడేళ్లుగా రెండో స్థానంతో సరిపెట్టుకుంటున్న ఆర్సెనల్‌కు ఇప్పటికైనా దక్కుతుందా, మాంచెస్టర్ సిటీ మళ్లీ లేస్తుందా? మంచి ప్రశ్నే. కానీ నేను పాయింట్ల పట్టికను కింది నుంచి చదివే మనిషిని. అందుకని మిమ్మల్ని కాసేపు అడుగుకు తీసుకెళ్తాను. ఇరవై జట్లలో చివరి మూడు ఏటా కింది డివిజన్‌కు పడిపోతాయి, అక్కడి నుంచి మూడు పైకి వస్తాయి. పదిహేడో స్థానమే గట్టెక్కే ఆఖరి మెట్టు.

గత సీజన్ ఏప్రిల్‌ను గుర్తు తెచ్చుకోండి. 6వ తేదీన, ఇంకా ఏడు మ్యాచ్‌లు ఉండగానే, సౌతాంప్టన్ కింది డివిజన్‌కు పడిపోయింది. 20న లెస్టర్, 26న ఇప్స్‌విచ్ దాని వెంటే వెళ్లాయి. మర్నాడే లివర్‌పూల్ 5–1తో టోటెన్‌హామ్‌ను చిత్తు చేసి ఛాంపియన్ అయింది. పైనా కిందా లెక్క తేలిపోయింది, లీగ్ మాత్రం ఇంకా దాదాపు నెల మిగిలి ఉంది. ఛాంపియన్ ముందే ఖాయం కావడం ఏ లీగ్‌లోనైనా జరిగేదే, దానికి నేను బాధపడను. అడుగున పోరాటమే లేకుండా పోవడం మాత్రం నాకు మింగుడు పడలేదు.

పడిపోయిన ఆ మూడు జట్ల పాయింట్లు 25, 22, 12. మూడూ కలిపితే 59. పదిహేడో స్థానంలో నిలిచిన టోటెన్‌హామ్ 22 మ్యాచ్‌లు ఓడింది. అన్ని ఓటములు మూటగట్టుకున్న జట్టు భయంతో వణకాలి. కానీ దాని చేతిలో 38 పాయింట్లున్నాయి, వెనక ఉన్న జట్టుకూ దానికీ మధ్య ఏకంగా 13 పాయింట్ల ఖాళీ ఉంది. అందుకే నిశ్చింతగా యూరప్ క్లబ్బుల రెండో శ్రేణి పోటీ అయిన యూరోపా లీగ్ గెలుచుకుని, మొదటి శ్రేణి పోటీ అయిన ఛాంపియన్స్ లీగ్‌లో అడుగుపెట్టింది. గట్టెక్కడానికి 40 పాయింట్లు కావాలని కోచ్‌లు చెప్పే పాత మాట ఒకటుంది. నిరుడు 26 సరిపోయేవి!

పైకి వచ్చిన మూడు జట్లూ అదే ఏడాది కిందికి పోవడం 1997–98లో ఒకసారి జరిగింది. ఆ తర్వాత పాతికేళ్లు జరగలేదు. ఇప్పుడు వరసగా రెండు సీజన్లు జరిగింది. కాబట్టి దీన్ని దురదృష్టం అని తోసిపుచ్చలేం.

కారణం డబ్బే, కానీ కాస్త మెలిక ఉంది. ప్రీమియర్ లీగ్‌లో ఆఖరి స్థానంలో నిలిచిన క్లబ్బుకు కూడా ఏడాదికి 10 కోట్ల పౌండ్లకు పైగా ముడుతుంది. మరి ఆ సొమ్ముతో మంచి ఆటగాళ్లను కొనుక్కోవచ్చు కదా? అక్కడే నష్టాల నిబంధన అడ్డొస్తుంది. మూడేళ్లలో 10.5 కోట్ల పౌండ్ల వరకు నష్టాన్ని లీగ్ సహిస్తుంది. అయితే ఆ మూడేళ్లలో రెండేళ్లు కింది డివిజన్‌లో గడిపి వచ్చిన క్లబ్బుకు ఆ హద్దు 6.1 కోట్లే. నాటింగ్‌హామ్ ఫారెస్ట్ ఈ గీత దాటినందుకే 2023–24లో నాలుగు పాయింట్లు పోగొట్టుకుంది. ఆలస్యంగా విందుకు వచ్చినవాడికి చిన్న విస్తరి వేసి, అందరితో సమానంగా తినమన్నట్టుంది ఈ నిబంధన. క్లబ్బులు దివాలా తీయకుండా ఏదో ఒక కట్టడి ఉండాల్సిందే, కాదనను. ఈ కట్టడి మాత్రం ఉన్నవాళ్లకే కాపలా కాస్తోంది.

ఇప్పుడు వస్తున్న ముగ్గురినీ చూద్దాం. లీడ్స్, బర్న్‌లీ కింది డివిజన్‌లో చెరో 100 పాయింట్లు సాధించాయి. బర్న్‌లీ 46 మ్యాచ్‌లలో 16 గోల్సే ఇచ్చింది. గొప్ప అంకెలే, కానీ నేను వాటికి పడిపోను. ఇదే బర్న్‌లీ 2023లో 101 పాయింట్లతో పైకి వచ్చి, మరుసటి ఏడాది 24 పాయింట్లతో వెనుదిరిగింది.

నా మనసంతా మూడో జట్టు మీదే ఉంది. సండర్లాండ్ 2017లో పడిపోయింది, మరుసటి ఏడాది మరో మెట్టు జారి నాలుగు సీజన్లు మూడో డివిజన్‌లో మగ్గింది. పడిపోయిన క్లబ్బులకు కొన్నాళ్లు ఊతంగా ఇచ్చే పారాచూట్ సొమ్ము ఈ ముగ్గురిలో దీనికొక్కదానికే లేదు. పైకి వచ్చే మూడో చోటు కోసం మే 24న వెంబ్లీలో జరిగిన ప్లేఆఫ్ ఫైనల్‌లో షెఫీల్డ్ యునైటెడ్ ముందు గోల్ చేసింది. 76వ నిమిషంలో సండర్లాండ్ ఆటగాడు మయెండా స్కోరు సమం చేశాడు. 90 నిమిషాలు అయ్యాక రెఫరీ కలిపిన సమయంలో, ఐదో నిమిషంలో ఎదుటి జట్టు పాస్ ఒకటి గురితప్పింది. సబ్‌స్టిట్యూట్‌గా వచ్చిన పందొమ్మిదేళ్ల టామ్ వాట్సన్ బంతి అందుకుని నాలుగడుగులు వేసి, పెనాల్టీ బాక్స్ అంచు నుంచి నేలబారుగా కొట్టాడు. గోల్! చిత్రమేమిటంటే, బ్రైటన్ అనే మరో జట్టుకు వెళ్లడానికి ఆ కుర్రవాడు అప్పటికే ఒప్పుకున్నాడు. జట్టును గుమ్మం దాటించి తాను వెళ్లిపోయాడు. ఇప్పుడు ఆ జట్టు మధ్యలో ముప్పై రెండేళ్ల గ్రానిట్ జాకా వచ్చి నిలబడ్డాడు. దెబ్బలు తిని రాటుదేలిన మనిషి. కుర్రాళ్ల జట్టుకు ఇలాంటివాడే కావాలి.

ఈసారి ఒక నిబంధనను కూడా గమనించండి. గోల్‌కీపర్ ఎనిమిది సెకన్లకు మించి బంతిని చేతుల్లో ఉంచుకుంటే ఎదుటి జట్టుకు కార్నర్ ఇస్తారు. చివరి ఐదు సెకన్లను రెఫరీ చెయ్యెత్తి వేళ్లతో లెక్కపెడతాడు. ఒక్క గోల్ ఆధిక్యాన్ని కాపాడుకుంటూ, బంతిని గుండెకు హత్తుకుని నేల మీద పడుకునే గోల్‌కీపర్లు చిన్న జట్లకు ఎన్ని పాయింట్లు సంపాదించిపెట్టారో! ఆ చిట్కా ఇక చెల్లదు.

అడుగున పోరాటం ఉంటే ఎలా ఉంటుందో 2023 మే 28న, సీజన్ చివరి రోజున, ఎవర్టన్ సొంత మైదానం గూడిసన్ పార్క్‌లో కనిపించింది. గెలిస్తేనే ఎవర్టన్ గట్టెక్కడం ఖాయం. 57వ నిమిషంలో ఆ జట్టు ఆటగాడు డూకూరే కొట్టిన గోల్ ఒక్కటే ఆధారం. చివర్లో రెఫరీ పది నిమిషాల అదనపు సమయం ఇచ్చాడు. ఆ పది నిమిషాలు ఆ మైదానంలో ఎవరూ కూర్చోలేదు. 1892 నుంచి ఉన్న ఆ మైదానానికి ఎవర్టన్ పురుషుల జట్టు మొన్న మేలో వీడ్కోలు చెప్పి, మెర్సీ నది ఒడ్డున కొత్త స్టేడియానికి మారుతోంది. సీజన్‌లో వాళ్ల మొదటి మ్యాచ్ మాత్రం పరాయి గడ్డ మీదే, లీడ్స్‌తో, ఆగస్టు 18న.

నాకు అంతవరకు ఆగే ఓపిక లేదు. 16వ తేదీన సండర్లాండ్ సొంత మైదానంలో వెస్ట్‌హామ్‌ను ఎదుర్కొంటోంది. నేను చూసే మొదటి మ్యాచ్ అదే. ఇక మీ ప్రశ్నలు అడగండి, టైటిల్ ఎవరిదన్నది తప్ప.