0.099 పాయింట్ల తేడా: కోహెయి ఉచిమురా

శ్రోతలందరికీ నమస్కారం.

పురుషుల జిమ్నాస్టిక్స్‌లో ఆల్‌రౌండ్ పతకం గెలవాలంటే ఒకే పూట ఆరు పరికరాల మీద నెగ్గుకురావాలి: నేల మీద చేసే ఫ్లోర్, రెండు పిడులున్న దిమ్మె పామెల్ హార్స్, పైనుంచి వేలాడే రింగ్స్, పరుగెత్తుకొచ్చి బల్ల మీద చేతులాన్చి ఎగిరే వాల్ట్, జంట కడ్డీల ప్యారలల్ బార్స్, ఒంటి కడ్డీ హై బార్. రింగ్స్‌కు భుజబలం ముఖ్యం. పామెల్ హార్స్ మీద చేతులు మార్చే లయ తప్పితే ఎంత బలమున్నా కింద పడాల్సిందే. రింగ్స్ కోసం పెంచిన కండ వాల్ట్ దగ్గర బరువవుతుంది. అందుకే ఒకటి రెండు పరికరాల్లో మొనగాళ్లు చాలామంది కనిపిస్తారు కానీ ఆరింట్లోనూ నిలబడేవాళ్లు అరుదు. 2009 నుంచి 2016 దాకా ఆరు ప్రపంచ చాంపియన్‌షిప్‌లలో, రెండు ఒలింపిక్స్‌లో ఆల్‌రౌండ్ స్వర్ణాన్ని ఇంకొకరి చేతికి పోనివ్వని జపాన్ క్రీడాకారుడు కోహెయి ఉచిమురా.

ఆయన 1989లో కిటాక్యూషూలో పుట్టి, నాగసాకి ప్రాంతంలో పెరిగాడు. అమ్మానాన్నలిద్దరూ జిమ్నాస్ట్‌లే, సొంతంగా శిక్షణ కేంద్రం నడిపేవారు. మూడేళ్లకే మొదలుపెట్టి, పదిహేనేళ్లకు ఇల్లు వదిలి టోక్యో చేరాడు. 2008 బీజింగ్ ఒలింపిక్స్ ఆల్‌రౌండ్ ఫైనల్లో పామెల్ హార్స్ మీంచి రెండుసార్లు పడి, 24వ స్థానానికి జారిపోయాడు. మిగిలిన నాలుగు పరికరాల మీద ఒక్కో మెట్టూ ఎక్కి, చివరికి రజతంతో బయటికొచ్చాడు. అప్పటికి ఆయన వయసు పందొమ్మిదేళ్లు.

ఇక మార్కుల సంగతి. ఇందులో రెండు లెక్కలు ఉంటాయి. మొదటిది కష్టానికి. ఒక్కో విన్యాసానికి దాని తరగతిని బట్టి 0.1 నుంచి పైకి విలువ కట్టి కూడతారు. రెండోది నేర్పుకు. ఇక్కడ 10తో మొదలుపెట్టి తప్పుకింత చొప్పున కోస్తారు. మోకాలు కాస్త వంగినా, పాదాలు విడిపోయినా 0.1. తప్పు పెద్దదైతే 0.3, ఇంకా పెద్దదైతే 0.5. పడిపోతే ఏకంగా 1.0. చేతుల మీద నిటారుగా లేవాల్సిన చోట ఒళ్లు 15 డిగ్రీలకు మించి వాలితే కోత మొదలవుతుంది. కష్టం పెంచుకుంటే మొదటి లెక్క పెరుగుతుంది కానీ, ఒళ్లు అదుపు తప్పి రెండోది తరుగుతుంది. ఉచిమురా కష్టమైన విన్యాసాలు చేస్తూనే రెండో లెక్కను కాపాడుకున్నాడు. నా దృష్టిలో ఆయన పతకాలన్నిటికీ మూలం అదే.

హై బార్ మీంచి దిగడమే చూడండి. నేల నుంచి 2.8 మీటర్ల ఎత్తున, 28 మిల్లీమీటర్ల మందం ఉన్న ఉక్కు కడ్డీ అది. ఉచిమురా ఒళ్లు తిన్నగా చాచి, రెండు పల్టీలు కొడుతూ, ఆ పల్టీల్లోనే బొంగరంలా రెండు మెలికలు తిరిగి దిగేవాడు. అంతకుముందు కడ్డీ చుట్టూ వేగంగా తిరుగుతూ ఊపు తెచ్చుకుంటాడు. అడుగు భాగం దాటేటప్పుడు శరీర బరువుకు కొన్ని రెట్ల భారం చేతుల మీద పడుతుంది. అక్కడి నుంచి పైకి లేస్తూ కడ్డీని ఎప్పుడు వదులుతాడన్నదే అసలు విషయం. తొందరపడితే తక్కువ ఎత్తులో దూరంగా విసిరేసినట్టు పోతాడు. ఆలస్యమైతే పైకి లేచి కడ్డీ మీదికే వచ్చే ప్రమాదం ఉంది. సరిగ్గా వదిలాక మెలికలు త్వరగా ముగించాలి. నేల కంటపడేందుకు కాస్త వ్యవధి మిగలాలి. వెనక పల్టీ తిరగడం చాలకపోతే ఛాతీ ముందుకు వాలి కాలు ముందుకు పడుతుంది. ఎక్కువ తిరిగితే అడుగు వెనక్కి పడుతుంది. చీలమండ, మోకాలు, తుంటి కొద్దిగా వంచి ఆ వేగాన్నంతా మింగేసి నిలబడాలి. చిన్న అడుగు కదిలితే 0.1 పోతుంది.

ఆ 0.1 విలువేమిటో 2016 రియోలో తెలిసింది. ఐదు పరికరాలు అయ్యేసరికి ఉక్రెయిన్‌కు చెందిన ఒలెగ్ వెర్నియాయెవ్ 0.901 ఆధిక్యంలో ఉన్నాడు. మిగిలింది హై బార్ ఒక్కటే. ముందు ఉచిమురా ఎక్కాడు. దిగినప్పుడు పాదం కదల్లేదు. 15.800 వచ్చింది. తర్వాత వెర్నియాయెవ్ ఎక్కాడు. దిగేటప్పుడు కాలు కదిలింది. 14.800 వచ్చింది. మొత్తం ఉచిమురాకు 92.365, వెర్నియాయెవ్‌కు 92.266. తేడా 0.099. వెర్నియాయెవ్‌కు ఇంకొక్క 0.1 దక్కి ఉంటే 0.001 తేడాతో స్వర్ణం ఆయనదే. తర్వాత జరిగిన సమావేశంలో, జడ్జీలు మీ మీద అభిమానం చూపారా అని ఒక విలేకరి ఉచిమురాను అడిగితే, ఆ ప్రశ్నే పనికిరానిదని అడ్డుతగిలినవాడు ఓడిన వెర్నియాయెవ్. అంతకు రెండు రోజుల ముందే జపాన్‌కు జట్టు స్వర్ణం కూడా దక్కింది.

వాల్ట్ అనగానే మనకు 2018 మెల్‌బోర్న్ ప్రపంచ కప్‌లో కాంస్యం తెచ్చిన హైదరాబాద్ అమ్మాయి అరుణా బుద్దారెడ్డి గుర్తొస్తుంది. ఆ వాల్ట్ దగ్గరే ఉచిమురా జైత్రయాత్ర ఆగింది. 2017 మాంట్రియల్ ప్రపంచ పోటీల అర్హత రౌండ్‌లో రెండున్నర మెలికల వాల్ట్ వేసి దిగుతుంటే ఎడమ చీలమండ దెబ్బతింది. ఇంత ఎత్తు నుంచి మెలిక పూర్తికాకుండా పాదం నేలకు ఆనితే, మిగిలిన తిప్పుడంతా చీలమండ కీలు మీదే పడుతుంది. అయినా ప్యారలల్ బార్స్ మీద పోటీపడి, ఆ తర్వాతే తప్పుకున్నాడు.

భుజాలు కూడా మొరాయించడంతో ఆరు పరికరాలు వదిలి హై బార్ ఒక్కటే పట్టుకున్నాడు. దానికోసం బ్రెట్‌ష్నైడర్ అనే విన్యాసం నేర్చుకున్నాడు: కడ్డీ వదిలి, దాని మీదుగా రెండు మెలికలతో రెండు పల్టీలు వేసి, మళ్లీ అదే కడ్డీని అందుకోవాలి. 2021లో జరిగిన టోక్యో ఒలింపిక్స్ అర్హత రౌండ్‌లో ఆ ప్రమాదకరమైన పట్లన్నీ దాటాడు. ఆ తర్వాత చేతుల మీద తిరిగే మలుపులో పట్టుజారి పడ్డాడు. అదే ఏడు అక్టోబర్‌లో పుట్టిన ఊరు కిటాక్యూషూలో ప్రపంచ చాంపియన్‌షిప్ ఫైనల్‌కు చేరాడు. పతకం రాలేదు. దిగడం మాత్రం కదలకుండా దిగాడు. 2022 మార్చిలో టోక్యోలో ఆరు పరికరాల మీదా ప్రదర్శన ఇచ్చి ఆట ముగించాడు.

టోక్యో ఒలింపిక్స్ ఆల్‌రౌండ్ స్వర్ణం పందొమ్మిదేళ్ల జపాన్ కుర్రాడు దైకి హషిమోతోకు దక్కింది. అతనూ చివరి పరికరం హై బార్ మీదే ముందుకొచ్చాడు. 2024 పారిస్‌లో షిన్నొసుకే ఓకా గెలవడంతో, వరసగా నాలుగో ఒలింపిక్స్‌లోనూ ఆ పతకం జపాన్‌కే వెళ్లింది.