కలకత్తా పాత్రికేయులు ఇచ్చిన బహుమతి

శ్రోతలకు నమస్కారం.

మద్రాసులో టాకీ స్టూడియో ఇంకా వెలవని రోజుల్లో తెలుగు నటీనటులు రైలెక్కి కలకత్తా వెళ్లి నటించి వచ్చేవారు. చిత్తజల్లు పుల్లయ్యగారు 1933లో తీసిన ‘సతీ సావిత్రి’, ఆ మరుసటి సంవత్సరం విడుదలైన ‘లవకుశ’ అక్కడి ఈస్ట్ ఇండియా ఫిల్మ్ కంపెనీ నిర్మించిన చిత్రాలే. ఆ కలకత్తాలోనే 1937లో సినిమాల గురించి రాసే కొందరు పాత్రికేయులు ఒక సంఘంగా ఏర్పడ్డారు. దాని పేరు బెంగాల్ ఫిల్మ్ జర్నలిస్ట్స్ అసోసియేషన్. మన దేశంలో సినిమా విమర్శకుల సంఘాలలో అన్నిటికంటే పాతది ఇదే. ఆ సంఘం ఏటా ఇస్తూ వచ్చిన పురస్కారాల చరిత్రే ఈనాటి నా ప్రసంగ విషయం.

ఆ కాలాన్ని ఒకసారి గుర్తుచేసుకోవాలి. బెంగాలీ సినిమాకు మాట వచ్చి అప్పటికి ఆరేళ్లయింది. 1931లో బి.ఎన్. సర్కార్ టాలీగంజ్‌లో నెలకొల్పిన న్యూ థియేటర్స్ సంస్థ ఏనుగు బొమ్మ ముద్రతో దేశమంతటా చిత్రాలు పంపుతోంది. 1935లో ప్రమథేశ్ బారువా ‘దేవదాస్’ తీశాడు. అదే ఏడాది నితిన్ బోస్ చిత్రం ‘భాగ్యచక్ర’ కోసం పాటను ముందుగానే రికార్డు చేసి, తెరమీద నటులు పెదవులు కదిపే పద్ధతిని అక్కడి సాంకేతిక నిపుణులు అమలుచేశారు. సంఘం పుట్టిన 1937లోనే బారువా ‘ముక్తి’ వచ్చింది, రవీంద్రుని పాట సినిమాలోకి ధైర్యంగా అడుగుపెట్టింది. ఇంత పని జరుగుతుంటే దాన్ని గమనించి, తూచి, మంచిచెడ్డలు చెప్పేవారు ఉండాలి కదా. వారు అప్పటికే ఉన్నారు. 1924లోనే ‘నాచ్ఘర్’ అనే వారపత్రిక నాటకాల గురించి, సినిమాల గురించి రాయడం మొదలుపెట్టింది. దాన్ని నడిపినవారిలో ఒకరైన ప్రేమాంకుర్ ఆతర్థీ తరువాత న్యూ థియేటర్స్ తొలి బెంగాలీ టాకీకి దర్శకుడయ్యాడు. రాసే చెయ్యి, తీసే చెయ్యి అంత దగ్గరగా ఉన్న ఊరు అది.

తొలి పురస్కారాలు 1938లో ఇచ్చారు. న్యూయార్కు విమర్శకులు తమ బృందాన్ని ఏర్పరచుకున్నది 1935లో. అంటే ప్రపంచంలో ఈ ఆలోచన ఇంకా కొత్తగా ఉన్నప్పుడే కలకత్తా దాన్ని అందుకుంది. మన దేశంలో ఫిల్మ్‌ఫేర్ పురస్కారాలు, ప్రభుత్వం ఇచ్చే జాతీయ పురస్కారాలు రెండూ 1954లో మొదలయ్యాయి. మన నంది బహుమతులు 1964లో వచ్చాయి. వీటన్నిటికంటే ముందు, స్వాతంత్ర్యానికి దాదాపు పదేళ్ల ముందు, వెనుక ప్రభుత్వం గానీ పెద్ద వ్యాపార సంస్థ గానీ లేకుండా, కలం తప్ప వేరే ఆధారం లేని మనుషులు ఈ పని తలపెట్టారంటే నాకు ఇప్పటికీ గౌరవంగా ఉంటుంది.

వారు అనుసరించిన పద్ధతిలో రెండు విశేషాలున్నాయి. మొదటిది, ఆ సంవత్సరపు ఉత్తమ భారతీయ చిత్రాలను యోగ్యతను బట్టి వరుసక్రమంలో ప్రకటించడం. అందులో ఏ భాష చిత్రమైనా ఉండవచ్చు. నటనకు, దర్శకత్వానికి బెంగాలీలో వేరుగా, హిందీలో వేరుగా బహుమతులు ఇచ్చేవారు, విదేశీ చిత్రాలనూ విడిచిపెట్టలేదు. న్యూ థియేటర్స్ ఒకే కథను రెండు భాషల్లో తీస్తున్న రోజుల్లో ఇది ఎంతో సహజమైన ఏర్పాటు. రెండవది, తెరవెనుక పనివారిని మొదటినుంచీ లెక్కలోకి తీసుకోవడం. ఛాయాగ్రాహకుడికి, శబ్దగ్రాహకుడికి, కళాదర్శకుడికి, కూర్పరికి, పాట రాసినవారికి, సంభాషణలు రాసినవారికి కూడా ఆ జాబితాలో చోటుంది. ఈ రెండవ విశేషం విలువ ఇప్పుడు మరింత పెరిగింది. 1940లో న్యూ థియేటర్స్‌లో జరిగిన అగ్నిప్రమాదంలో చాలా చిత్రాల నెగటివ్‌లు కాలిపోయాయి. మిగిలినవాటిలో కొన్నిటిని తేమ, నిర్లక్ష్యం తినేశాయి. చూడడానికి ప్రతి దొరకని ఒక చిత్రంలో ఎవరి పని బాగుందని ఆనాటివారు అనుకున్నారో తెలుసుకోవాలంటే ఇలాంటి జాబితాలే మనకు దిక్కు.

ఇక ఒక మనిషి దగ్గర కాసేపు ఆగుదాం. కానన్ దేవి పేదరికంలో పుట్టి, మూకీల కాలంలో పదేళ్ల పిల్లగా సినిమాల్లోకి వచ్చింది. ఆ రోజుల్లో తెరమీద కనిపించే ఆడపిల్లను సంఘం ఏ చూపు చూసేదో శ్రోతలకు నేను వివరించనక్కరలేదు. పాటకు జనం చప్పట్లు కొట్టేవారు, పాడిన మనిషిని గడప దాటి లోపలికి రానిచ్చేవారు కాదు. 1942లో జరిగిన ఐదవ వార్షిక పురస్కారాల్లో ‘పరిచయ్’ చిత్రానికి ఆమెను ఉత్తమ నటిగా ఎంపిక చేశారు. మరుసటి ఏడాది ‘శేష్ ఉత్తర్’ చిత్రానికి మళ్లీ ఆమెకే ఇచ్చారు. ఆ రెండు బహుమతుల మధ్య, 1942 డిసెంబరులో, కలకత్తా మీద జపాను విమానాలు బాంబులు వేశాయి. రెండవ బహుమతి వచ్చిన 1943వ సంవత్సరం బెంగాల్ కరవు సంవత్సరం. అన్నం దొరకక జనం పల్లెలు విడిచి నగరం వీధుల్లోకి వచ్చి ప్రాణాలు విడిచిన కాలం అది. అటువంటి కాలంలో ఒక నటి పనిని పనిగానే చూసి, ఆమె పుట్టుక సంగతి ఎత్తకుండా పేరు అచ్చువేసి గౌరవించడం చిన్న విషయం కాదు. ప్రభుత్వం ఆమెకు దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం ఇచ్చింది 1976వ సంవత్సరానికి. పాత్రికేయులు ఆమెను గుర్తించడానికి అంతకాలం పట్టలేదు.

1947లో బెంగాల్ రెండుగా చీలిపోయింది. తూర్పు బెంగాల్ సినిమా హాళ్లన్నీ మరో దేశంలోకి వెళ్లడంతో బెంగాలీ చిత్రం తన ప్రేక్షకుల్లో పెద్ద భాగాన్ని పోగొట్టుకుంది. 1965 యుద్ధంతో పాకిస్తాన్ భారతీయ చిత్రాలను పూర్తిగా నిషేధించింది. న్యూ థియేటర్స్ అయితే అంతకు ముందే, 1950ల్లోనే మూతపడింది. అయినా పురస్కారాల లెక్క సాగుతూనే ఉంది, 1962 నాటికి అవి ఇరవై ఐదుకు చేరాయి. ఆ ఏడాది హిందీ విభాగంలో ‘గంగా జమునా’ చిత్రానికి ఉత్తమ నటి బహుమతి వైజయంతిమాలకు వచ్చింది. 1950లో ఏవీఎం వారి ‘జీవితం’లో ఆమె నాట్యం చూసిన తెలుగు ప్రేక్షకులకు ఆమె పరాయి మనిషి కాదు.

నా దృష్టిలో ఈ చరిత్రలో తలమానికం లాంటి సంవత్సరం 1967. ఆ ఏడాది బెంగాలీలో ఉత్తమ నటుడు ఉత్తమ్ కుమార్, చిత్రం సత్యజిత్ రే తీసిన ‘నాయక్’. ఆ కథ ఏమిటో చూడండి. అరిందమ్ ముఖర్జీ అనే సినిమా హీరో బహుమతి అందుకోవడానికి రైల్లో ఢిల్లీ వెళుతుంటాడు. అదే రైల్లో మహిళల పత్రిక నడిపే అదితి అనే అమ్మాయి ఉంటుంది. భోజనాల బోగీలో ఎదురెదురుగా కూర్చుని ఆమె ప్రశ్నలు వేస్తుంది, అతను మొదట తప్పించుకుంటూ, ఆ తరువాత మనసు విప్పి తన పిరికితనాలు, తన తప్పులు ఒక్కొక్కటే చెబుతాడు. చివరికి ఆమె తాను రాసుకున్న కాగితాలను చింపి అతని ముందున్న గ్లాసు నీళ్లలో పడేస్తుంది. విన్నదంతా అచ్చువేయకూడదన్న విచక్షణ ఉన్న పాత్రికేయురాలు ఆమె. బహుమతి కోసం ప్రయాణించే నటుడి పాత్రను, ఆ నటుణ్ణి ఒక పాత్రికేయురాలు చదివిన తీరును తెరమీద చూసిన నిజమైన పాత్రికేయులు ఆ పాత్ర వేసిన నటుడికి తమ బహుమతి ఇచ్చారు. ఆ సభలో కూర్చున్నవారికి ఎలా అనిపించి ఉంటుందో అని నేను చాలాసార్లు ఆలోచించాను.

అదే సంవత్సరం హిందీలో ఉత్తమ నటి వహీదా రెహమాన్, చిత్రం ‘తీస్రీ కసమ్’. ‘రోజులు మారాయి’లో ‘ఏరువాక సాగారో’ పాటకు ఆడిన ఆ వహీదాయే. గీతరచయిత శైలేంద్ర సర్వస్వం ఒడ్డి నిర్మించిన ఆ చిత్రం టికెట్ల దగ్గర ఓడిపోయింది. 1966 డిసెంబరులో శైలేంద్ర కన్నుమూశాడు. వసూళ్లు చూసి బహుమతి ఇచ్చేవారైతే ఆ చిత్రం వైపు కన్నెత్తి చూసేవారు కారు. టికెట్టు కొన్న జనం తీర్పుకీ, ఏడాది పొడుగునా చూసి రాసేవారి తీర్పుకీ మధ్య ఉండవలసిన దూరం అక్కడ స్పష్టంగా కనిపిస్తుంది. ఈ దూరం తగ్గిపోయిన చోట బహుమతి మరొక ప్రకటనగా మారిపోతుందని నా నమ్మకం. నాకు కలకత్తా పాత్రికేయుల మీద అభిమానం కలగడానికి ముఖ్య కారణం కూడా ఇదే.

ఆ తరువాతి దశాబ్దాల్లో టెలివిజన్ వచ్చింది, తెరమీద చూపడానికి వీలైన, పాటలు ఆటలు కలిసిన పెద్ద వేడుకలు వచ్చాయి. బెంగాలీ సినిమాకు వేరే సంస్థల పురస్కారాలూ పుట్టాయి. 2014లో ఫిల్మ్‌ఫేర్ తూర్పు భారత చిత్రాల కోసం ప్రత్యేకంగా వేడుక జరిపింది. సరిహద్దు అవతల బంగ్లాదేశ్‌లో 1975 చిత్రాలతో మొదలైన జాతీయ పురస్కారాలది వేరే కథ, దానికి ఇంకొక ప్రసంగం కావాలి.

కోల్‌కతాలో మాత్రం పాత్రికేయులు తమ పనిని వదిలిపెట్టలేదు. వెస్ట్ బెంగాల్ ఫిల్మ్ జర్నలిస్ట్స్ అసోసియేషన్ పేరుతో ఏర్పడిన సంఘం 2017 జనవరిలో తన మొదటి పురస్కారాలు ఇచ్చింది. లెక్క మళ్లీ ఒకటి నుంచి మొదలైంది. ఆ వేడుకకు వారు పెట్టుకున్న పేరు ‘సినేమార్ సమాబర్తన్’, అంటే సినిమా సమావర్తనం. విశ్వవిద్యాలయంలో పట్టాలిచ్చే సభను మనం స్నాతకోత్సవం అంటే బెంగాలీలు సమావర్తనం అంటారు. మన పెళ్లిళ్లలో వరుడికి జరిపే స్నాతకం కూడా ఆ పాత సమావర్తనమే, గురువు దగ్గర చదువు ముగించి, స్నానం చేసి, సెలవు తీసుకుని ఇంటికి తిరిగివచ్చే తంతు. కొత్త సంవత్సరం మొదట్లో, గడిచిన పన్నెండు నెలల చిత్రాలకు ఆ తంతు జరిపిస్తున్నామని వారి భావం. పట్టా చేతికిచ్చేవారు, ఆ పన్నెండు నెలలూ హాళ్లలో కూర్చుని చూసి రాసినవారే.

నమస్కారం.