చిలీ నుంచి దొంగచాటుగా దాటిన ఫిల్మ్ రీళ్ళు

[తెరపై: నలుపు తెలుపు దృశ్యాలు, శాంటియాగో వీధి, ట్యాంకులు]

1973 జూన్ 29. చిలీలో సైన్యంలోని ఒక వర్గం తిరుగుబాటుకు దిగింది. అర్జెంటీనా కెమెరామన్ లియోనార్డో హెన్రిక్సెన్ వీధిలో షూట్ చేస్తుంటే, సైనికులు ఆయన వైపే తుపాకులు గురిపెట్టి కాల్చారు. ఆయన షూటింగ్ ఆపలేదు. కాల్చినవాళ్ళ ముఖాలు ఫిల్మ్ మీద నిలిచిపోయాయి.

ఆ ప్రయత్నం విఫలమైంది. సెప్టెంబర్ 11న జరిగింది విఫలం కాలేదు. యుద్ధవిమానాలు అధ్యక్ష భవనంపై బాంబులు వేశాయి, అధ్యక్షుడు అయెండే చనిపోయారు, 1990 దాకా సైనిక నియంత పినోచెట్ పాలన సాగింది.

[తెరపై: నేషనల్ స్టేడియం]

ఆ నెలలన్నీ దర్శకుడు పాట్రిసియో గుస్మాన్ బృందం జనాన్ని చిత్రీకరిస్తూనే ఉంది. కుట్ర తర్వాత ఆయన్ని ఈ స్టేడియంలో బంధించారు. రీళ్ళు మాత్రం స్వీడన్ రాయబార కార్యాలయం సాయంతో దేశం దాటాయి. క్యూబాలో ఎడిటింగ్ జరిగి, 'బ్యాటిల్ ఆఫ్ చిలీ' అయ్యాయి. దాన్ని చిత్రీకరించిన హోర్హే ముల్లర్‌ను 1974 నవంబర్‌లో రహస్య పోలీసులు పట్టుకెళ్ళారు. ఆయన ఏమయ్యారో ఇంట్లోవాళ్ళకు ఎవరూ చెప్పలేదు.

ఇక్కడ ఒక్క మాట గట్టిగా చెప్పాలి. విల్లా గ్రిమాల్డి లాంటి చిత్రహింసల కేంద్రంలో ఏ డాక్యుమెంటరీ కెమెరా లేదు. నేరం చేసేవాడు చీకటి చూసుకునే చేస్తాడు. మరి సినిమా దేనికి సాక్ష్యం? బతికి బయటపడ్డవాళ్ళ మాటకు. ఇంకా వెతుకుతున్నవాళ్ళ ఓపికకు.

[తెరపై: అటకామా ఎడారి]

2010లో విడుదలైన 'నాస్టాల్జియా ఫర్ ది లైట్' సినిమా కోసం గుస్మాన్ ఈ ఎడారికి వచ్చారు. కలామా ఊరి ఆడవాళ్ళు ఏళ్ళ తరబడి ఇక్కడ ఇసుక తవ్వుతూ తమవాళ్ళ ఎముకల కోసం వెతికారు. దొరికినవి ముక్కలే, ఎందుకంటే పూడ్చిన శవాలను సైన్యమే మళ్ళీ తవ్వి తరలించింది. ఆ సినిమాలోనే వాస్తుశిల్పి మిగెల్ లావ్నర్ కనిపిస్తారు. ఖైదులో ఉన్నప్పుడు నిర్బంధ శిబిరాన్ని అడుగులతో కొలిచి, ఆ లెక్కలు మనసులో దాచుకుని, ప్రవాసంలో వాటి బొమ్మలు గీశారు. నాకు ఈ మనిషిని చూసినప్పుడల్లా గుండె బరువెక్కుతుంది.

సినిమా తీర్పు ఇవ్వలేదు. ఆ పని కోర్టులదే. 1991లో రెట్టిగ్ కమిషన్ నివేదిక హత్యలనూ అదృశ్యాలనూ నమోదు చేసింది. చిత్రహింసల బాధితుల వాంగ్మూలాలతో వలెచ్ కమిషన్ నివేదిక రావడానికి 2004 దాకా పట్టింది. చనిపోయినవాళ్ళు, మాయమైనవాళ్ళు కలిపి 3,000 పైమాటే.

1997 నాటి సినిమా కోసం గుస్మాన్ పాత రీళ్ళను చిలీ విద్యార్థులకు చూపించారు. కొందరు ఏడ్చేశారు, కొందరు సైన్యాన్ని వెనకేసుకొచ్చారు. ఆ దేశంలో మామూలు టీవీ ఛానెల్‌లో 'బ్యాటిల్ ఆఫ్ చిలీ' మొదటిసారి ప్రసారమైంది మాత్రం 2021లో.